ఆపిల్ చెట్టుకు కూలర్

మొన్న ఒక అమ్మాయి ఫోన్ చేసింది. తోటల ఆఫీసరుగా కొత్తగా ఉద్యోగం వచ్చిందట, నర్మెట్టలో చేరబోతోందట. "మేడం, అక్కడ ముందుగా ఏం నేర్చుకోవాలి?" అని అడిగింది. "మే నెలకు భయపడటం నేర్చుకో" అన్నాను. నవ్వింది. నేను నవ్వలేదు. ఆ అమ్మాయికి ఫోన్లో నేను చెప్పలేకపోయినదంతా ఇక్కడ రాస్తున్నాను. నాకు ప్రమోషన్ ఎప్పుడొచ్చింది, ఎవరు అడ్డుపడ్డారు అనేవి ఇందులో ఉండవు. అవి మొక్కలకు పనికిరావు.

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి ప్రాంతాల్లోనే నా ఉద్యోగమంతా గడిచింది. ఏ మొక్క ఎక్కడ పెట్టాలి, ఎప్పుడు పెట్టాలి అని రైతులకు చెప్పడం నా పని. బయటి నుంచి వచ్చినవాళ్ళకు ఈ మూడూ ఒకటే నేల. కావు. జనగామ వైపు ఎర్ర చెల్క నేలలు, బండరాళ్ళు, మబ్బు కనబడితే పని ఆపి ఆకాశం చూసే జనం. మహబూబాబాద్ వైపు మిరప, మామిడి. భూపాలపల్లి వైపు అడవి, గోదావరి మీది గాలి, చలికాలం పొద్దున మంట కాచుకుంటే తప్ప కదలని చేతులు. ఒక ఊళ్ళో విరగబడి కాసిన చెట్టు మరో ఊళ్ళో ఆకు కూడా వేయదు. ఇది తెలుసుకోవడానికి ఏ చదువూ అక్కర్లేదు, రెండు ఊళ్ళూ తిరిగితే చాలు. మా దగ్గర తిరగడానికి జీపు ఉండేది, యాకూబ్ ఉండేవాడు. యాకూబ్ మా డ్రైవరు. నోరు, హారన్ రెండూ సమానంగా వాడేవాడు.

మండలాల్లో మండలాలు

జిల్లాలు విడిపోయిన తర్వాత మా పైన ఒక కొత్త సారు వచ్చాడు. చెడ్డవాడు కాదు. చదువుకున్నవాడు, చెయ్యి చాచని మనిషి, ఎవరినీ 'నువ్వు' అనేవాడు కాదు. ఆయనకున్న ఒకే ఒక్క జబ్బు ఇంటర్నెట్.

చేరిన కొత్తలోనే మమ్మల్నందరినీ పిలిచి గోడ మీద ఒక రంగురంగుల పటం చూపించాడు. ఏదో చలి దేశానిది. అక్కడ చలికాలం ఎంత కఠినంగా ఉంటుందో దాన్ని బట్టి నేలను మండలాలుగా విడగొట్టారు. ఏ మండలంలో ఏ మొక్క చలికి తట్టుకుంటుందో ఆ పటం చెబుతుంది. మంచి పటమే, చలికి మొక్కలు చచ్చే దేశానికి. మన దగ్గర చలికి చచ్చిన మామిడి మొక్కను నేను చూడలేదు. మనవి చచ్చేది ఎండకు.

"ఇకనుంచి మనం కూడా శాస్త్రీయంగా వెళ్ళాలి. మన ప్రతి మండలం ఏ మండలంలో ఉందో తేల్చండి" అన్నాడు సారు.

ఎవరికీ అర్థం కాలేదు. భూపాలపల్లి వైపు మా ఆఫీసు పని చూసే సాంబయ్య మెల్లగా లేచాడు.

"సార్, దేవరుప్పుల మండలం దేవరుప్పుల మండలంలనే ఉంటది గద సార్?"

సారు ఓపికగా మళ్ళీ చెప్పాడు. సాంబయ్య మళ్ళీ అదే అడిగాడు. మధ్యాహ్న భోజనం దాకా మండలాల్లో మండలాలు వెతుక్కుంటూ కూర్చున్నాం.

వారం తిరక్కుండానే సారు దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. ఆ దేశంలో మొక్క నాటేముందు ఆ ఏడాది ఆఖరిసారి మంచు గడ్డకట్టే రోజు ఏదో చూసుకుంటారట. ఆ రోజు దాటాకే నాటుతారు. కాబట్టి మీ మీ ప్రాంతాల్లో ఆఖరి మంచు గడ్డకట్టే తేదీ వెంటనే తెలపండి, అని.

నేను, యాకూబ్ అప్పుడు నర్మెట్టలో ఉన్నాం. రోడ్డు మీద వడ్లు ఆరబోస్తున్న ఒక అవ్వ కనిపిస్తే జీపు ఆపించాను. ఎగతాళికి కాదు, పై ఆఫీసు అడిగింది కనుక ఎవరినో ఒకరిని అడగాలి గదా.

"అవ్వా, మన దగ్గర మంచు గడ్డకట్టుడు ఎప్పుడు ఆగుతది?"

అవ్వ చేతిలోని పార ఆపి నన్ను ఎగాదిగా చూసింది.

"మంచుగడ్డనా బిడ్డా? గోళీసోడ పోరడు నిన్ననే బండి బందు వెట్టిండు. ఇగ రాదు."

"అవ్వ తేదీ చెప్పింది మేడం. రాసుకోండ్రి" అన్నాడు యాకూబ్.

'మా ప్రాంతంలో మంచు గడ్డకట్టదు' అని జవాబు రాశాను. 'వివరాలు సేకరించకుండా లేదు అనడం సరికాదు' అని తిరిగి వచ్చింది. అటు సాంబయ్య మాత్రం భూపాలపల్లి నుంచి చక్కగా ఒక తేదీ పంపాడు. మార్చి నెలలో ఏదో రోజు. సారు అతన్ని అందరి ముందూ మెచ్చుకున్నాడు. తర్వాత వరండాలో నేను పట్టుకుని అడిగాను.

"ఆ తేదీ ఎక్కడిది సాంబయ్యా?"

"మా చిన్నబిడ్డ పుట్టినరోజు మేడం. సార్ పరేషాన్ చేస్తుండె, గదొక్కటే యాదికొచ్చింది."

ఆ పాప పుట్టినరోజును పట్టుకుని మూడు జిల్లాలకూ నాటే క్యాలెండర్ అచ్చయింది. మార్చి ఆఖరున మొక్కలు నాటండి అని. నర్సింహులపేటలో ఒక బడి ఆవరణలో ప్రారంభోత్సవం. సారు మాట్లాడుతుంటే పంతుళ్ళు మొక్కలకు గొడుగులు పట్టుకుని నిలబడ్డారు. ప్రసంగం మొదలైనప్పుడు నిటారుగా ఉన్న వేప మొక్క చప్పట్లు కొట్టే సమయానికి తల వేలాడేసింది. ఒక పంతులు దానికి తన మంచినీళ్ళ సీసా పోసేశాడు. మిగతావాళ్ళు ఆయన్ను మెచ్చుకోలుగా చూశారు గాని తమ సీసాలు ఇవ్వలేదు.

కొత్తగా వచ్చే పిల్లలకు చెప్పేదొకటే. మన దగ్గర వసంతం వచ్చిందంటే మొక్కలకు మంచి రోజులు వచ్చినట్టు కాదు, కష్టాలు తలుపు తట్టినట్టు. ఎండాకాలంలో గుంత తీసి వదిలెయ్యి. ఎండకు మట్టిలోని పురుగూ పుట్రా చస్తాయి. మిరుగం, అంటే మృగశిర కార్తె, వచ్చి, రెండు మంచి వానలు పడి, నేల మూరెడు లోతు తడిశాక అప్పుడు మొక్క పెట్టు. క్యాలెండర్ ఏం చెప్పినా సరే.

బుచ్చిరెడ్డి

క్యాలెండర్‌తో పాటు ఆపిల్ మొక్కలు దిగాయి. సాంబయ్య మంచు తేదీ పంపిన పుణ్యమా అని భూపాలపల్లి మా కాగితాల్లో చలి ప్రాంతమైపోయింది. చలి ప్రాంతానికి ఆపిల్ కావాలి గదా. కొండల నుంచి లారీలో మొక్కలు వచ్చాయి. సాంబయ్య కొన్ని తీసుకుని, మిగిలినవి చల్లగా జనగామకు తోలాడు.

వాటిని ఎవరూ తీసుకోలేదు, ఒక్క బుచ్చిరెడ్డి తప్ప. దేవరుప్పుల దగ్గరి పల్లె ఆయనది. ఒకప్పుడు సర్పంచి, ఓడిపోయిన తర్వాత కూడా నడకలో సర్పంచే. ఆయన బావమరిది పక్క ఊళ్ళో డ్రాగన్ పండు పెట్టి పేపర్లో ఫోటో వేయించుకున్నాడు. అప్పటినుంచి బుచ్చిరెడ్డికి కంటి మీద కునుకు లేదు.

"డ్రాగనేంది మేడం, ముండ్లు. నేను ఆపిల్ వెడుత. దేవరుప్పుల ఆపిల్ అని డబ్బా మీద రాపిస్త."

"రెడ్డిగారూ, దానికి చలి కావాలి. చలికాలమంతా మొద్దులా పడి నిద్రపోతేనే లేచాక పూస్తుంది. ఇక్కడ దానికి నిద్ర పట్టదు."

"నాకు గూడ పడ్తలేదు. ఇద్దరం కలిసి మేలుకుంటం."

ఇదంతా ఆయన సరదా అనుకుంటే నవ్వి వదిలేసేదాన్ని. కాని ఆయనకు ఉన్నది ఒక్కటే బోరు. ఆ బోరు మీద బతికేది ఆయన భార్య సుగుణమ్మ పెంచిన బత్తాయి తోట. ఒక కరువు ఏడాది ఆ మొక్కలను బిందెలతో నీళ్ళు మోసి బతికించుకుంది ఆమె. మంచి కాపు మీద ఉన్న తోట. ఆపిల్ కాసిందంటే బత్తాయి పీకేసి మొత్తం ఆపిలే పెడతానని ఊరంతా చెప్పుకుంటున్నాడు బుచ్చిరెడ్డి. నాకు భయం పట్టుకుంది. ఆపిల్ చచ్చిపోతే పోయేది ఒక మొక్క. కాసిందంటే పోయేది తోట.

ఆ వేసవి మొదటి ఎండలకే ఆపిల్ మొక్కలన్నీ మాడిపోయాయి. ఒకటి మాత్రం మిగిలింది. అది ఎందుకు మిగిలిందో చూద్దామని పోయాను. దూరం నుంచే ఘుర్రుమని చప్పుడు వినిపించింది. మొక్క చుట్టూ గోనెపట్టాలు కట్టి, పైన పచ్చ జాలీ వేసి, ఎదురుగా పెద్ద ఎయిర్ కూలర్ పెట్టాడు. బోరు మోటారు డబ్బా నుంచి వైరు లాగాడు. మొక్క ఆకులు గాలికి హాయిగా ఊగుతున్నాయి. బుచ్చిరెడ్డి పక్కన చెమటలు కక్కుతూ నిలబడ్డాడు.

"మీరు కూడా ఆ గాలికి కూర్చోరాదా?" అన్నాను.

"గాలికి అడ్డమొస్త గద మేడం."

సుగుణమ్మ గట్టు మీద కూర్చుని ఉంది. నన్ను చూసి కొంగుతో మొహం తుడుచుకుంది.

"నేను కూలర్ కొనుమన్నప్పుడు ఖిడికీ తెరిచిపెట్టుకో అన్నడు మేడం. చెట్టుకు కొన్నడు. నేనే చెట్టునైతే మంచిగుండు."

కూలర్‌తో ఆగలేదు. మంచుగడ్డలు కూడా తెప్పించాడు. జనగామ నుంచి చేపల బండివాడు వస్తూ తన పెట్టెలో మిగిలిన మంచు తెచ్చి మొక్క మొదట్లో గుమ్మరించేవాడు. దాంతో ఊళ్ళోని పిల్లులన్నీ ఆపిల్ చెట్టు కింద కాపురం పెట్టాయి. బుచ్చిరెడ్డి ఒక చేత్తో కర్ర, ఇంకో చేత్తో మంచుగడ్డ పట్టుకుని తిరిగేవాడు. యాకూబ్ ఆ దృశ్యం చూసి జీపు దిగలేదు.

"మేడం, గిది తోటనా, చేపల మార్కెటా? నేను ఈడనే ఉంట. మీరే పోండ్రి."

గుండు

వానలు పడ్డాయి. ఆపిల్ మొక్క చచ్చిపోలేదు సరికదా, పెరిగింది. రెండేళ్ళలో నా ఎత్తును దాటింది. పూత మాత్రం లేదు.

బుచ్చిరెడ్డి ఒకరోజు ఆఫీసుకు వచ్చి నా ఎదురుగా కూర్చున్నాడు. ఈసారి గొంతులో సర్పంచి లేడు.

"మేడం, మీకు తెలుసు. మీరు చెప్తలేరు."

నిజమే, తెలుసు. చలి తక్కువున్న చోట ఆపిల్‌ను ఏమార్చడానికి ఒక ఉపాయం ఉంది. చలికాలంలో ఆకులన్నీ చేత్తో దూసేస్తే, చలి ముదిరిందనుకుని చెట్టు కొన్నాళ్ళు నిద్రపోతుంది. తర్వాత లేచి పూస్తుంది. కొన్ని రకాలకే ఇది పనిచేస్తుంది. చెబితే ఆపిల్ కాయవచ్చు, సుగుణమ్మ తోట పోవచ్చు. చెప్పకుంటే, అడిగిన రైతుకు తెలిసిన మాట దాచినదాన్నవుతాను. చివరికి చెప్పాను. మన దగ్గరికి వచ్చిన మనిషికి నిజం చెప్పాలి, ఆ నిజంతో అతను ఏం చేస్తాడోనన్న భయం ఉన్నా సరే. ఇప్పటికీ నాది ఇదే మాట.

మార్గశిరంలో ఆయన చెట్టు ఆకులన్నీ ఒక్కటి మిగలకుండా దూశాడు. మోడు చెట్టును చూడటానికి ఊరు కదిలి వచ్చింది.

"బుచ్చిరెడ్డి పటేల్ చెట్టుకు గుండు కొట్టిచ్చిండు!"

"తిరుపతి మొక్కా, ఎములాడ రాజన్న మొక్కా?"

"మనుషులకు మొక్కుంటదని తెలుసు గని, మొక్కకు మొక్కేందిరా?"

చెట్టు నిద్రపోతోంది, గట్టిగా మాట్లాడొద్దని బుచ్చిరెడ్డి చేత్తో సైగ చేశాడు. జనం నిజంగానే గొంతు తగ్గించారు. ఎందుకు తగ్గించారో వాళ్ళకే తెలియదు.

మాఘం పోతూ పోతూ ఆ చెట్టు పూసింది. తెల్లగా, అంచుల్లో లేత గులాబీ రంగుతో. నా ఉద్యోగంలో ఎన్నో పూతలు చూశాను. ఆ ఎర్రమట్టిలో, ఆ బండరాళ్ళ మధ్య ఆ పువ్వులు చూసి మాత్రం చెట్టు చుట్టూ రెండుసార్లు తిరిగాను. సుగుణమ్మ కూడా వచ్చి చూసింది. "మంచిగున్నయి" అంది. తర్వాత తన బత్తాయి చెట్ల వైపు తిరిగి, ఒక్కొక్క దాన్నీ చూసుకుంటూ నడిచిపోయింది.

పెద్దాయన రాక

పూత సంగతి పైసారుకు తెలిసింది. ఆయన కళ్ళు మెరిశాయి. నగరం నుంచి ఒక పెద్ద అధికారిని పిలిచాడు. వేసవిలో, నిండు మే నెలలో. అదే రోజు బుచ్చిరెడ్డి అందరి ముందూ బత్తాయి తోట తీసేసి ఆపిల్ తోటకు కొబ్బరికాయ కొట్టాలని ఏర్పాటు. జేసీబీ మాట్లాడారు.

ముందు రోజు చెట్టు చూశాను. పూత దాదాపు అంతా రాలిపోయి, ఆకుల చాటున ఒకే ఒక్క కాయ నిలిచింది. నిమ్మకాయంత, పచ్చగా. సారుకు చెప్పాను.

"ఒక్కటే అయితే ఫోటోలో కనిపించదు కదండీ" అన్నాడాయన దిగులుగా.

మర్నాడు నేను వెళ్ళేసరికి చెట్టు నిండా ఎర్రటి ఆపిల్ పండ్లు వేలాడుతున్నాయి. బజారు నుంచి తెప్పించి పచ్చదారంతో కట్టించాడు సారు. సన్నని కొమ్మలు బరువుకు నేల చూస్తున్నాయి. బుచ్చిరెడ్డి ఒక మూల నిలబడి ఆ పండ్లను చూస్తున్నాడు. ఆయన ముఖంలో సంతోషం లేదు.

"మేడం, నా చెట్టుకు పరాయి పండ్లు ఎందుకు?" అన్నాడు మెల్లగా. "ఒక్కటి గాసింది గద. గదే చూపిద్దమంటిని. సార్ ఇనలె."

శామియానా కింద జనం. తోట గట్టు మీద జేసీబీ. పెద్దాయన వచ్చాడు, లావుపాటి మనిషి, కోటు వేసుకుని మరీ. చెట్టును చూసి ఆశ్చర్యపోయాడు.

"ఇదేంటండీ, ఒకే చెట్టుకు రెండు మూడు రకాలున్నాయి?"

"అదే సార్ మన నేల ప్రత్యేకత" అన్నాడు మా సారు.

సరిగ్గా అప్పుడే గుట్ట మీద నుంచి కోతులు దిగాయి. మా ప్రాంతంలో కోతులను వర్ణించాల్సిన పనిలేదు, ఎవరి ఇంట్లో వంటేమిటో వాటికి తెలుసు. ముందు ఒకటి వచ్చి పండు లాగింది. దారం తెగలేదు. కోపంతో రెండు చేతులా లాగింది. దానికి సాయంగా ఇంకొన్ని ఎక్కాయి. మా సారు 'హుష్, హుష్' అంటూ మర్యాదగా అదిలించాడు, కోతులను కూడా 'మీరు' అనే మనిషి. బుచ్చిరెడ్డి కర్ర తీసుకుని పరుగెత్తాడు. యాకూబ్ జీపు హారన్ మీద చెయ్యి పెట్టి తీయలేదు. ఆ గోలలో పెళ్ళున చప్పుడైంది. మొదలు దగ్గర చెట్టు విరిగిపోయింది.

కోతులు తలా ఒక పండు, దారంతో సహా పట్టుకుని గుట్టెక్కాయి. అందరూ అటు చూస్తుండగా ఇటు పెద్దాయన కళ్ళు తిరిగి కూలబడ్డాడు. కోటులో ఎండదెబ్బ. ఆయన్ను ఎత్తుకుని నీడకు తీసుకుపోవాలి. ఆ చుట్టుపక్కల నీడ ఉన్నది ఒక్క చోటే, బత్తాయి చెట్ల కింద.

సుగుణమ్మ ఎవరినీ అడగలేదు. కోటు విప్పించింది. తడి తువ్వాల తల మీద వేసింది. పండు బత్తాయిలు తెంపి, చెంబులోకి పిండి, ఇంత ఉప్పు వేసి తాగించింది. కాసేపటికి ఆయన కళ్ళు తెరిచి పైకి చూశాడు. తల మీద ఆకులు, ఆకుల మధ్య కాయలు.

"ఇది ఏం తోటమ్మా?"

"బత్తాయి సారూ. గా బండితోని గిదంత తీసేస్తరట ఇప్పుడు."

"ఎవరు తీసేది?" అంటూ పెద్దాయన లేచి కూర్చున్నాడు.

మా సారు గొంతు సవరించుకుని, "సార్, ఈ ప్రాంతానికి బత్తాయే సరైన పంట అని మేం మొదటినుంచీ చెబుతున్నాం" అన్నాడు. నేను ఆయన ముఖం చూశాను. ఆయన ఆ మాట నమ్ముతున్నాడు. అబద్ధమాడేవాడితో వేగవచ్చు గాని, అప్పటికప్పుడు నమ్మేసేవాడితో వేగడం కష్టం. ఈ ఉద్యోగంలో మీకు ఇద్దరూ తగులుతారు.

కార్లు వెళ్ళిపోయాయి. శామియానా విప్పుతున్నారు. జేసీబీ డ్రైవరు వచ్చి, "పటేలా, మరి నన్నేం జెయ్యమంటరు?" అని అడిగాడు. బుచ్చిరెడ్డి విరిగిన చెట్టు పక్కన కూర్చుని ఉన్నాడు. సుగుణమ్మే ముందుకు వచ్చింది.

"వచ్చినోనివి ఊకె ఎందుకు పోతవు? గా గట్టు పొంటి గుంతలు తియ్యి. మిర్గం దాక ఎండనీ."

జేసీబీ గుంతలు తీయడం మొదలుపెట్టింది. ఆమె వచ్చి భర్త పక్కన కూర్చుంది.

"బిడ్డ లెక్క చూసుకుంటి సుగుణా."

"చూసినవు. నేను చూడలేదా నువ్వు చూసుడు?" అందామె. ఆ గొంతులో ఎత్తిపొడుపు లేదు.

విరిగిన కొమ్మలు పక్కకు జరుపుతుంటే ఆమె చేతికి ఆ పచ్చకాయ దొరికింది. కోతులు దాన్ని ముట్టలేదు. కొరికి చూసి మొహం చిట్లించింది.

"మామిడికాయ కన్న పులుపున్నది."

మమ్మల్ని తినకుండా పోనివ్వలేదు. ఆ మధ్యాహ్నం ఆమె ఆ కాయను ముక్కలు చేసి పప్పులో వేసింది. ఎండుమిరపకాయలు, ఎల్లిపాయ వేసి పోపు పెట్టింది. బుచ్చిరెడ్డి, సుగుణమ్మ, నేను, యాకూబ్ వాళ్ళ అరుగు మీద కూర్చుని దేవరుప్పుల ఆపిల్ పంటనంతా ఒక్క పూటలో తినేశాం. బాగుంది. యాకూబ్ రెండుసార్లు వడ్డించుకున్నాడు. బుచ్చిరెడ్డి చాలాసేపు ముద్ద కలుపుతూ ఉండిపోయి, చివరికి తిన్నాడు. తిన్నాక నా వైపు చూశాడు.

"మేడం, గుంతలైతే తీస్తున్నరు. గీ రాళ్ళల్ల ఏం వెడ్తే మంచిది?"

అన్నేళ్ళ పరిచయంలో ఆయన నన్ను అలా అడగడం అదే మొదటిసారి. ఏం పెడతానో చెప్పడానికి వచ్చేవాడే గాని, ఏం పెట్టాలని ఎప్పుడూ అడగలేదు. నేను నోరు తెరిచేలోపే సుగుణమ్మ ఆయన కంచంలో ఇంకొంచెం పప్పు వేస్తూ అంది:

"సీతాఫలం వెడుదం. దానికి నీళ్ళక్కర్లేదు, మందక్కర్లేదు. మనం లేకున్నా కాస్తది."

"మరి నేనేం జెయ్యాలె?" అన్నాడు బుచ్చిరెడ్డి.

"నువ్వు కూలర్ ముంగట పండు."